సుగ్గికి పోయినోళ్ళ పిల్లలూ లోకలే

మన విశ్వవిద్యాలయాల్లో, మెడికల్, ఇంజనీరింగ్ కళాశాలల్లో 85 శాతం సీట్లు స్థానిక విద్యార్థులకే దక్కాలన్న నియమం ఉండి తీరాలి. అయితే స్థానికుడెవరో తేల్చే లెక్క మారాలి. కర్నూలు జిల్లా సి.బెళగల్ మండలంలోనూ, కోడుమూరు, ఎమ్మిగనూరు, ఆదోని వైపు ఊళ్ళలోనూ ఉన్న తల్లిదండ్రులం, ఉపాధ్యాయులం, కాలేజీ విద్యార్థులం కలిసి ఈ ప్రణాళికను ప్రకటిస్తున్నాం. మొదటి మాట వినగానే కొందరు మమ్మల్ని ప్రాంతీయవాదులంటారు. రెండో మాట వినగానే మరికొందరు ఉన్న కోటాకే గండి కొడుతున్నారంటారు. ఈ రెండూ ఒకే న్యాయం నుంచి పుట్టిన మాటలు. ఒకటి ఒప్పుకున్నవారు రెండోది ఒప్పుకోక తప్పదని ఇక్కడ చూపుతాం.

ఈ కోటా ఎవరో దయతలచి ఇచ్చింది కాదు. 1926లో ఆంధ్ర విశ్వవిద్యాలయం ఏర్పడినా దత్తమండలాల (రాయలసీమ) కళాశాలలు చివరికి మద్రాసు విశ్వవిద్యాలయం కిందే ఉండిపోయాయి. 1937 నవంబరు 16న మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు ఇంట్లో కుదిరిన శ్రీబాగ్ ఒడంబడికలో వాల్తేరుతో పాటు అనంతపురంలోనూ విశ్వవిద్యాలయ కేంద్రం ఉండాలని రాసుకున్నారు. ఆ అనంతపురానికి పీజీ కేంద్రం వచ్చేసరికి 1968, విశ్వవిద్యాలయం వచ్చేసరికి 1981. తిరుపతిలో 1954లోనే శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం పెట్టారు గానీ ఆదోని నుంచి తిరుపతి ఏమంత దగ్గర కాదు. కర్నూలులో రాయలసీమ విశ్వవిద్యాలయం 2008 దాకా లేదు. ఈలోగా 1972 అక్టోబరులో, తెలంగాణలో ఉద్యోగాలు స్థానికులకే అన్న ముల్కీ నిబంధనలు చెల్లుతాయని సుప్రీంకోర్టు చెప్పింది, కోస్తా, సీమల్లో జై ఆంధ్ర ఉద్యమం లేచింది, 1973 సెప్టెంబరు 21న ఆరు సూత్రాల పథకం కుదిరింది. దాని ఫలితమే 32వ సవరణతో రాజ్యాంగంలోకి వచ్చిన 371డి అధికరణం, దాని కింద 1974 జూలై 1 నుంచి అమలైన ప్రవేశాల రాష్ట్రపతి ఉత్తర్వు. ఆ ఉత్తర్వు రాష్ట్రాన్ని ఆంధ్ర, ఉస్మానియా, శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయాల పేర మూడు స్థానిక ప్రాంతాలు చేసి, ఒక్కో ప్రాంతంలో 85 శాతం సీట్లు అక్కడి స్థానికులకు కేటాయించింది. కర్నూలు, కడప, అనంతపురం, చిత్తూరు, నెల్లూరు పాత జిల్లాలు ఎస్వీయూ ప్రాంతం. రాష్ట్రస్థాయి సంస్థల్లో మూడు ప్రాంతాలకూ సీట్లు 42:36:22 నిష్పత్తిలో పంచారు. ఆ 22 ఎస్వీయూ ప్రాంతానిది.

ఈ రక్షణ అవసరం తీరిపోయిందనేవాళ్ళు 2011 జనాభా లెక్కలు చూడాలి. ఉమ్మడి రాష్ట్రంలో అక్షరాస్యత 67 శాతం ఉంటే కర్నూలు జిల్లాలో 60 శాతం. జిల్లా సగటు కూడా కర్నూలు నగరం, నంద్యాల వైపు ఊళ్ళు ఎత్తిపెట్టిన సగటు. పడమటి మండలాల లెక్క దానికంటే కింద ఉంటుంది. మంచి హైస్కూలు, ల్యాబు ఉన్న జూనియర్ కాలేజీ, లెక్కలు చెప్పే మాస్టారు ఉన్న ఊరి పిల్లలతో ఏ దన్నూ లేని ఊరి పిల్లలు ఒకే వరసలో నిలబడి పోటీపడాలనడం ప్రతిభను గౌరవించడం కాదు. సుప్రీంకోర్టు 1984లో ప్రదీప్ జైన్ కేసులో నివాసం ఆధారంగా ఇచ్చే వైద్య సీట్లకు హద్దులు పెట్టింది. 371డి లాంటి ప్రత్యేక రాజ్యాంగ నిబంధనలున్నందున ఆ తీర్పు ఆంధ్రప్రదేశ్‌కూ, జమ్ము కశ్మీర్‌కూ వర్తించదని అదే ఏడాది మరో కేసులో వివరించింది. 2025 జనవరిలో తన్వీ బెహల్ కేసులో పీజీ వైద్య విద్యలో నివాస కోటాలు చెల్లవని తేల్చింది. అక్కడక్కడా ఇటువంటి తీర్పు వచ్చినప్పుడల్లా మొత్తం స్థానిక కోటానే ఎత్తేయాలనే వాదన లేస్తుంది. దానికి మేము వ్యతిరేకం. కోటా పోతే మొట్టమొదట నష్టపోయేది పడమటి కర్నూలే.

ఇక కొలత సంగతి. రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం, అర్హత పరీక్ష రాసిన సంవత్సరంతో ముగిసేలా వరుసగా నాలుగేళ్ళు ఒకే స్థానిక ప్రాంతంలో చదివినవారే అక్కడి స్థానికులు. డిగ్రీ, ఎంబీబీఎస్, ఇంజనీరింగ్ సీట్లకు అర్హత పరీక్ష ఇంటర్మీడియట్ కాబట్టి లెక్కలోకి వచ్చేవి తొమ్మిది, పది, ఇంటర్ రెండేళ్ళు. అలా ఏ ప్రాంతంలోనూ నాలుగేళ్ళు కుదరకపోతే రాష్ట్రంలో వరుసగా ఏడేళ్ళు చదివి ఉండాలి. ఎక్కువ కాలం ఎక్కడ చదివితే ఆ ప్రాంతానికి చెందుతారు. బడికి పోని కాలం ఉంటే ఆ మేరకు నివాసం చూస్తారు. ఇక్కడ ఉత్తర్వు వివరణల్లో రెండు మాటలున్నాయి, కౌన్సెలింగ్ హడావిడిలో ఎవరూ చదవనివి. ఒకటి, పరీక్ష తప్పినందువల్ల చదువు మధ్యలో ఆగితే ఆ విరామాన్ని లెక్కలోకి తీసుకోరు. రెండు, విద్యార్థి ఎక్కడ నివసించాడన్నది అతను నిజంగా ఉన్న చోటును బట్టి తేల్చాలి, తల్లిదండ్రుల నివాసాన్ని బట్టి కాదు. అంటే అమ్మానాన్నల ఇల్లు, ఓటు, రేషన్ కార్డు, చేను అన్నీ సి.బెళగల్‌లోనే ఉన్నా, పిల్లవాడు తొమ్మిది, పది హైదరాబాదులో చదివితే వాటికి విలువ లేదు.

మా మండలానికి ఉత్తరాన తుంగభద్ర, ఏటికి అవతల గద్వాల జిల్లా. పడమటికి పోతే కర్ణాటక. కోసిగి, పెద్దకడబూరు, మంత్రాలయం, ఆదోని, ఎమ్మిగనూరు వైపు ఊళ్ళలో ఏటా వానాకాలం పంట చేతికి రాకపోతే, వచ్చినా అప్పు తీరకపోతే, కుటుంబాలు సుగ్గికి, అంటే వలస కూలికి, బయలుదేరతాయి. గుంటూరు వైపు మిరప కోతలకు, తెలంగాణలో పత్తి తీయడానికి, బెంగళూరు, హైదరాబాదుల్లో కట్టడం పనులకు పోతాయి. కోతలకు పోయినవాళ్ళు కొన్ని నెలల్లో తిరిగొస్తారు. కట్టడం పనికి పోయినవాళ్ళు ఏళ్ళ తరబడి ఉండిపోతారు, ఉగాదికో పీర్ల పండగకో వచ్చి పోతారు. ముసలివాళ్ళుంటే పిల్లల్ని ఇంట్లో వదులుతారు, లేకపోతే వెంట తీసుకుపోతారు. సమగ్ర శిక్ష కింద సీజనల్ హాస్టళ్ళు పెట్టింది ఇందుకే. ప్రభుత్వం ఒక చేత్తో వలస ఉందని ఒప్పుకుని హాస్టలు తెరుస్తుంది, మరో చేత్తో వలస పోయిన పిల్లవాణ్ణి నాన్‌లోకల్ అంటుంది.

నష్టం ఎవరికి ఎలా తగులుతుందో విడమరిచి చెప్పాలి, ఎందుకంటే అన్ని వలసలూ ఒకేలా దెబ్బతీయవు. గుంటూరులో తొమ్మిది, పది చదివి తిరిగొచ్చి ఎమ్మిగనూరులో ఇంటర్ చదివిన అమ్మాయికి నాలుగేళ్ళ లెక్క కుదరదు గానీ ఏడేళ్ళ లెక్క కాపాడుతుంది, ఆమె ఎస్వీయూ స్థానికురాలే అవుతుంది. అదే తొమ్మిది, పది హైదరాబాదులో చదివితే ఆ రెండో లెక్కా తెగిపోతుంది, రాష్ట్రమే మారింది కాబట్టి. ఒకప్పుడు ఏటికి అటూ ఇటూ ఒకే రాష్ట్రం. 2014 విభజన చట్టంలోని 95వ సెక్షన్ పాత కోటాలను పదేళ్ళు నిలబెట్టింది. ఆ గడువు 2024 జూన్ 2తో తీరింది. 2025లో తెలంగాణ మిగిలిన 15 శాతం సీట్లలోనూ తన రాష్ట్రంతో సంబంధం ఉన్నవారికే తలుపు తెరిచింది. అది వాళ్ళ హక్కు, మేము తప్పుపట్టం. కానీ హైదరాబాదులో చదివొచ్చిన ఆ అమ్మాయి ఎక్కడి మనిషి? అక్కడ నాలుగేళ్ళు లేవు, ఇక్కడా నాలుగేళ్ళు లేవు. బళ్ళారి, రాయచూరులో చదివినా ఇదే గతి. 371జె అధికరణం కింద ఆ జిల్లాలకు వేరే స్థానిక నిబంధనలున్నాయి, అక్కడ పుట్టనివారు స్థానికత కోసం పదేళ్ళ నివాసం చూపాలి. సరిహద్దు మండలంలో పుట్టిన కూలీ బిడ్డ మూడు రాష్ట్రాల్లోనూ పరాయి అవుతుంది.

ఇందులో గమనించవలసింది ఇంకొకటి ఉంది. విద్యాహక్కు చట్టం పిల్లలకు పద్నాలుగేళ్ళ దాకా, ఎనిమిదో తరగతి దాకానే హామీ ఇస్తుంది. బాలకార్మిక చట్టం 2016 సవరణ తర్వాత పద్నాలుగు దాటినవారిని ప్రమాదకరం కాని పనుల్లో పెట్టుకోనిస్తుంది. స్థానికత లెక్క మొదలయ్యేది సరిగ్గా తొమ్మిదో తరగతిలో. చదువుకు ప్రభుత్వ పూచీ ఎక్కడ ఆగుతుందో, పిల్లల్ని పనికి తీసుకుపోవడం ఎక్కడ తేలికవుతుందో, అక్కడి నుంచే రాజ్యం వాళ్ళ నిలకడను కొలుస్తోంది. ఒకటో తరగతి నుంచి ఎనిమిది దాకా మా ప్రభుత్వ బడిలో కూర్చున్న ఎనిమిదేళ్ళకు ఆ కొలతలో చోటే లేదు.

నియమం అంటే నియమమే, ఒకరి కోసం వంచితే మొత్తం వంగిపోతుందని అధికారులంటారు. ఈ నియమాన్ని వంచడం మేము మొదలుపెట్టింది కాదు. రాష్ట్ర విభజన తర్వాత హైదరాబాదు నుంచి ఆంధ్రప్రదేశ్‌కు తరలివచ్చే కుటుంబాల పిల్లలు నాన్‌లోకల్ కాకూడదని రాష్ట్రపతి ఉత్తర్వునే సవరించారు. మొదట మూడేళ్ళలో వచ్చినవారికన్నారు, తర్వాత ఆ గడువును పెంచుతూ పోయారు. మంచి పనే. రాజధాని మారితే పిల్లల తప్పేముంది? తెలంగాణలో జరిగింది ఇంకా స్పష్టం. 2024 జూలై 19న అక్కడి ప్రభుత్వం జీవో 33తో వైద్య ప్రవేశాల నిబంధనలు సవరించి, వరుసగా నాలుగేళ్ళ చదువు రాష్ట్రంలోనే ఉండాలన్న షరతు పెట్టింది. శాశ్వత నివాసులకు దాన్ని వర్తింపజేయరాదని 2024 సెప్టెంబరు 5న హైకోర్టు చెప్పింది. సుప్రీంకోర్టు ఆ తీర్పును నిలిపేసి, చివరికి 2025 సెప్టెంబరు 1న నిబంధన చెల్లుతుందని తేల్చింది. ఆ తీర్పులోనే ఒక మినహాయింపు ఉంది. ఉద్యోగరీత్యా బయటి రాష్ట్రాల్లో పనిచేసిన ప్రభుత్వోద్యోగులు, సైనికులు, ప్రభుత్వ రంగ సంస్థల సిబ్బంది పిల్లలకు సడలింపు ఇస్తామని రాష్ట్రమే ముందుకొచ్చింది, కోర్టు ఆమోదించింది.

ఆ మినహాయింపు వెనకున్న న్యాయం చూడండి. తండ్రికి బదిలీ అయితే బిడ్డ వెంట పోతుంది, అది బిడ్డ ఎంచుకున్నది కాదు, కాబట్టి ఆమె స్థానికత పోకూడదు. ఈ వాక్యంలో బదిలీ అన్న చోట కరువు అని పెట్టండి. వాదనలో ఒక్క అక్షరం బలం తగ్గదు. పైగా ఉద్యోగికి జీతం, క్వార్టర్సు, కేంద్రీయ విద్యాలయంలో సీటు ఉంటాయి, కూలీకి రేకుల షెడ్డు, మేస్త్రీ ఇచ్చిన అడ్వాన్సు ఉంటాయి. ఎవరికి సడలింపు ఎక్కువ అవసరమో చెప్పడానికి చట్టం చదవనక్కర్లేదు. పరీక్ష తప్పినవాడి విరామాన్ని 1974లోనే మన్నించిన ఉత్తర్వు, తల్లిదండ్రులు సుగ్గికి పోయినందుకు తెగిన చదువును ఎందుకు మన్నించదు? ఆనాడు ఈ ఉత్తర్వు రాసినవాళ్ళ మనసులో ఉన్నది ప్రాంతాల మధ్య తగువు. ప్రాంతం లోపల ఎవరు కదులుతారు, ఎవరు నిలకడగా ఉండగలరు అన్న ప్రశ్న వాళ్ళ ముందుకు రాలేదు. వెనకబడిన ప్రాంతాన్ని కాపాడటానికి పుట్టిన కొలత, ఆ ప్రాంతంలో అందరికంటే వెనకబడినవాళ్ళను బయటికి తోసేస్తుంటే, కొలతను దాని ఉద్దేశంతోనే సరిచేయాలి.

మేము కోరే సవరణ పెద్దది కాదు. రాష్ట్రపతి ఉత్తర్వులోని వివరణకు, పరీక్ష తప్పిన విరామంతో పాటు, తల్లిదండ్రుల కూలి వలస వల్ల బయట చదివిన లేదా బడి మానిన కాలాన్నీ చేర్చాలి. ఆ కాలాన్ని పక్కనపెట్టి, ఒకటో తరగతి నుంచి ఇంటర్ దాకా మొత్తం మీద ఏడేళ్ళు, వరుసగా కాకపోయినా, స్థానిక ప్రాంతంలో చదివి ఉంటే స్థానికులుగా గుర్తించాలి. ఇది కొత్త కోటా కాదు. ర్యాంకు రావాలి, రిజర్వేషన్ వర్తిస్తే వర్తిస్తుంది, అందరితో పాటే పోటీ. ఒక సీటు ఒకరికి వస్తే మరొకరికి పోతుందన్నది నిజమే. పోయేది ఇదే ప్రాంతపు మరో బిడ్డకే కావచ్చు. కానీ మొదటి బిడ్డను వరసలోంచి తప్పించి దొరికిన సీటు రెండో బిడ్డ హక్కు ఎలా అవుతుంది?

దొడ్డిదారిన డబ్బున్నవాళ్ళు దూరతారన్న భయం మాకూ ఉంది. హైదరాబాదు, బెంగళూరు కార్పొరేట్ కాలేజీల్లో లక్షలు కట్టి చదివించి, తాసిల్దారు దగ్గర నివాస ధ్రువపత్రం పుట్టించి లోకల్ అనిపించుకునేవాళ్ళకు ఈ సవరణ దారి కాకూడదు. అందుకే తాసిల్దారు కాగితం ఒక్కటే చాలదని మేమే అంటున్నాం. స్థానిక ప్రాంతంలో చదివిన ఏళ్ళు బడి అడ్మిషన్ రిజిస్టరులోనూ, ప్రభుత్వ యుడైస్ విద్యార్థి నమోదులోనూ కనిపించాలి. కుటుంబానికి ఉపాధి హామీ జాబ్ కార్డు, బియ్యం కార్డు ఉండాలి. బయట చదివిన బడి ప్రభుత్వ బడో, ఎయిడెడ్ బడో అయి ఉండాలి. 1974లో స్టడీ సర్టిఫికెట్ తప్ప మరో ఆధారం లేదు, అందుకే వరుసగా నాలుగేళ్ళన్న మొరటు కొలత పెట్టారనుకుందాం. ఇప్పుడు ప్రతి పిల్లవాడికీ ఒక నంబరు, ప్రతి ఏటా ఒక నమోదు ఉన్నాయి. మధ్యాహ్న భోజనం ప్లేట్లు లెక్కపెట్టడానికి పనికొచ్చే సమాచారం స్థానికత తేల్చడానికి పనికిరాదా?

మిగిలిన 15 శాతం సీట్లున్నాయి కదా అని సర్దిచెబుతారు. రాష్ట్రంలో పదేళ్ళు నివసించినవారూ, వారి పిల్లలూ ఆ సీట్లకు అర్హులన్నది నిజం. అయితే అవే సీట్లకు రాష్ట్రంలోని స్థానికులందరూ కూడా అర్హులే. విజయవాడ, గుంటూరు కాలేజీల టాపు ర్యాంకర్లతో కలిసి ఆ కొద్ది సీట్లకు తలపడమని వలస కూలీ బిడ్డకు చెప్పడం, 85 శాతం ఎందుకు పెట్టారో మరిచిపోవడమే. ఇంకొందరి మాట ఇంకా కటువుగా ఉంటుంది: ఆ పిల్లలు ఇంటర్ దాకానే రారు, మీరు నీట్ గురించి మాట్లాడతారేమిటి అని. ఈ ప్రశ్నను మేము తేలిగ్గా తీసిపారేయం. సీజనల్ హాస్టళ్ళు ఏటా సమయానికి తెరవకపోతే, తొమ్మిది, పది తరగతులకు కూడా వాటిని విస్తరించకపోతే, ఈ సవరణ కాగితం మీదే ఉంటుంది. కాబట్టి హాస్టళ్ళ డిమాండు ఈ ప్రణాళికలో భాగమే. అయితే ఇంటర్ దాకా ఎలాగో చేరిన కొద్దిమందిని గుమ్మం దగ్గర ఆపడానికి, చేరలేని ఎక్కువమందిని సాకుగా చూపడం కుదరదు.

కోర్టుల గురించి ఒక మాట చెప్పక తప్పదు. జీవో 33 వచ్చింది 2024 జూలైలో, ఆ ఏడాది నీట్ రాసింది మే 5న. పరీక్ష రాసేశాక స్థానికుడెవరో మారిపోయింది. నాలుగేళ్ళ చదువును లెక్కించే నియమం మారాలంటే, తొమ్మిదో తరగతిలో చేరేవాడికి ముందే తెలియాలి. అంటే మార్పు ప్రకటించాక నాలుగేళ్ళకు గానీ అమల్లోకి రాకూడదు. దీన్ని రెండు రాష్ట్రాలూ చట్టంగా ఒప్పుకుంటే ప్రతి ఆగస్టులో నడిచే వ్యాజ్యాల్లో చాలాభాగం పుట్టవు. 2024లో సుప్రీంకోర్టు ముందు తెలంగాణ ప్రభుత్వం ఒక్కసారికి మినహాయింపు ఇస్తామన్నది హైకోర్టుకెక్కిన 135 మందికే. అదే కష్టంలో ఉండి వకీలును పెట్టుకోలేని వాళ్ళకు ఆ మినహాయింపు లేదు. సి.బెళగల్ నుంచి అమరావతి హైకోర్టు మూడు వందల కిలోమీటర్ల పైచిలుకు. కర్నూలులో హైకోర్టు బెంచి కావాలని శాసనసభ 2024 నవంబరులో తీర్మానించింది, బెంచి ఎప్పుడు వస్తుందో గానీ కౌన్సెలింగ్ మాత్రం దానికోసం ఆగదు. అందుకే ప్రతి జిల్లాలో, కౌన్సెలింగ్ మొదలయ్యే ముందు, స్థానికత వివాదాలు వినే ఒక అధికారి ఉండాలి. అతని నిర్ణయం కారణాలతో సహా తెలుగులో రాసి ఇవ్వాలి. ఒకరి విషయంలో కోర్టు ఇచ్చిన సడలింపు, అదే స్థితిలో ఉండి కోర్టుకు పోనివారికీ దానంతటదే వర్తించాలి.

ఈ ప్రణాళికకు కట్టుబడిన మేము మా మీద కూడా కొన్ని షరతులు పెట్టుకున్నాం. కోచింగ్ సంస్థల నుంచి, ప్రైవేటు కాలేజీల నుంచి విరాళం తీసుకోం. తెలంగాణ, కర్ణాటకల స్థానిక కోటాలను పల్చబరిచే ఏ వాదనకూ మా పేరు వాడనివ్వం. ఏటి అవతల అలంపూరు, రాజోలి వైపు కూలీ పిల్లలు మావైపు వచ్చి చదివితే, వాళ్ళ స్థానికత వాళ్ళ రాష్ట్రంలో నిలవాలని అంతే గట్టిగా అడుగుతాం. మండలంలోని ప్రతి ఉన్నత పాఠశాలలో ఎనిమిదో తరగతి పిల్లల తల్లిదండ్రులను సుగ్గి మొదలయ్యే ముందే కూర్చోబెట్టి, తొమ్మిదిలో బడి మారితే ఏమవుతుందో చెబుతాం, బయటి బడిలో చేరక తప్పకపోతే ఏ కాగితాలు దాచుకోవాలో రాసిస్తాం. వలస పోయి వచ్చిన విద్యార్థుల బడి నమోదులను, వారి అనుమతితో, ఒకచోట చేర్చి, ఎంతమంది ఏ కారణంతో నాన్‌లోకల్ అయ్యారో లెక్క తేలుస్తాం. ఆ లెక్కతోనే, ఉత్తర్వును సవరించమని రాష్ట్రపతిని కోరవలసిందిగా రాష్ట్ర ప్రభుత్వానికి మొదటి వినతిపత్రం ఇస్తాం. అది తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా అడుగుతాం. ఆ కారణంతోనే కోర్టుకు పోతాం.